ఉరుము లేని మధ్యాహ్నం

ఆదివారం పొద్దున రేడియోలో లలితకుమారి సీరియల్ మొదలైతే మెల్‌బోర్న్ శివారు పాయింట్ కుక్‌లో సగం ఇళ్ళలో పోపు మాడిపోయేదని ఒక మాట ఉండేది. ఆ మాట పుట్టించింది ఆవిడ మొగుడు శ్రీపతే కాబట్టి సగానికి సగం కొట్టెయ్యండి. మిగిలిందంతా నిజమే. పక్కనే ఉన్న వెర్రిబీలో ఒక వీధి చివరి పాత ఇంట్లో నడిచే కమ్యూనిటీ రేడియో అది. వారానికి ఒక గంట తెలుగువాళ్ళకిచ్చారు. పాటలూ, పండగ శుభాకాంక్షలూ, ఇళ్ళ లోన్ల ప్రకటనలూ పోగా మిగిలిన సమయం లలితకుమారిది.

ఆవిడ తెలుగే ఒక తమాషా. తాత శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి మలేసియాలో పేరాక్ కొబ్బరితోటల్లో తేలాడు. ఈవిడ అక్కడే పుట్టింది. బడిలో మలయ్ చదివింది, ఇంట్లో తాత మోసుకెళ్ళిన తెలుగే మాట్లాడింది. ఓడల ఇంజనీరుగా విశాఖ నుంచి అటు వెళ్ళిన శ్రీపతి, పరాయి దేశంలో ఒక పిల్ల "ఏటి బాబూ, ఏటి కావాలి?" అనడం విని అక్కడికక్కడే చిత్తయిపోయాడు. పెళ్ళి చేసుకుని మెల్‌బోర్న్ తీసుకొచ్చాడు. ఇక్కడ ప్రైమరీ స్కూలు ఆఫీసులో ఉద్యోగం చేసింది, ఇద్దరు పిల్లల్ని పెంచి పంపింది, రిటైరయ్యాక ఊరుకోలేక రేడియో పట్టుకుంది.

ఇంగ్లీషు నవలలు అందరూ చదివేవే కదా, మలయ్ నవల తెలుగులో చెబితే కొత్తగా ఉంటుందని ఆవిడకి తోచింది. పెట్టె అడుగున ఒకటి ఉంది. పదహారేళ్ళప్పుడు రోకియా అనే క్లాస్‌మేటూ తానూ చెరో అట్టా పట్టుకుని చదివి, చెరో రుమాలూ తడుపుకున్న ప్రేమ నవల. సల్మా అని పేదింటి పిల్ల, ఇద్రిస్ అని కలప వ్యాపారి కొడుకు. వాడికి కోపం, పొగరు, పైగా అందం. ఆ రోజుల్లో ఈ మూడూ ఉంటే చాలు, హీరో అయిపోయేవాడు. ఆ రోజుల్లోనేమిటి, ఇప్పుడు మాత్రం కావడం లేదా!

రికార్డింగు ప్రతి శనివారం వీళ్ళింట్లోనే, పడగ్గది వార్డ్‌రోబ్‌లో. పట్టుచీరలు వేలాడే చోట గొంతు ప్రతిధ్వనించదని శ్రీపతి కనిపెట్టాడు. లలితకుమారి కథ చదివేది. సల్మా మాటలు తేజస్విని చెప్పేది. వరంగల్ పిల్ల, చదువుకోవడానికి వచ్చి, ఇక్కడే ఉండిపోవడానికి పీఆర్ తెచ్చుకుని సిటీలో సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేస్తోంది. పాయింట్ కుక్‌లో చిన్నమ్మ ఆండాళ్ ఇంట్లో ఉంటుంది. బయట మంచం మీద ల్యాప్‌టాప్ పెట్టుకుని శ్రీపతి వానలు కురిపించేవాడు, తలుపులు కిర్రుమనిపించేవాడు. ఆయన ఉరుము గురించి ఆయన చెబితే వినాలి. విజయనగరంలో ఒక జూలైలో రికార్డు చేసిన అసలు సిసలు ఉరుమట.

కథ నడుమ ఒక అధ్యాయం వచ్చింది. ఇద్రిస్ సల్మాని గదిలో పెట్టి తలుపేస్తాడు. పుస్తకంలో ఆ పిల్ల పేజీ నిండా వద్దు, వద్దు అని మొత్తుకుంటుంది. అక్కడ జరిగినదాన్ని చెప్పే మాట మలయ్‌లోనూ ఉంది, తెలుగులోనూ ఉంది. లలితకుమారికి ఆ మాట నోటికి రాలేదు. ఆదివారం పూట, ఇడ్లీల వేళ, పిల్లలు వింటుంటారు, ఎందుకొచ్చిన గొడవ అనుకుంది. పేజీ మొత్తం ఎత్తేసి, "ఇద్రిస్ తలుపు మూశాడు. బయట వాన మొదలైంది" అని రెండు ముక్కలు రాసి మొగుడి వైపు చూసింది. శ్రీపతి ఉరుము వేశాడు, దాని వెనక కాస్త వీణ కలిపాడు.

వానా, ఉరుమూ, వీణా ఒకచోట కలిస్తే మనవాళ్ళకి ఏం అర్థమవుతుందో వేరే చెప్పాలా? సినిమాలు చూసి పెరిగిన ప్రాణాలు. బలాత్కారం కాస్తా శోభనమై కూర్చుంది.

ఆ వారం వెర్రిబీలో ఇండియన్ షాపులో లలితకుమారి కూరలు ఏరుకుంటుంటే హరిప్రియ అనే నర్సు పిల్ల ఎగురుకుంటూ వచ్చింది. "ఆంటీ! ఆ థండర్ సీన్ సూపర్! డ్యూటీకి వెళ్తూ కారులో విన్నాను, గూస్‌బంప్స్ అంతే. లవ్ అంటే అలా ఉండాలి, మా ఆయనా ఉన్నాడు ఎందుకూ, అన్నిటికీ ఓకే ఓకే అంటాడు!" పక్కనున్న ఇద్దరు కిసుక్కున నవ్వారు. లలితకుమారి కూడా నవ్వింది. మొహం కాస్త ఎర్రబడింది కూడా. తర్వాత ఆ నవ్వు గుర్తొచ్చినప్పుడల్లా తన మూతి మీద తానే కొట్టుకోవాలనిపించేది ఆవిడకి.

కథ ముందుకు పోయింది. పరువు పోతుందని పెద్దవాళ్ళు సల్మాని ఇద్రిస్‌కే కట్టబెట్టారు. ఇద్రిస్ జబ్బుపడ్డాడు, సల్మా సేవలు చేసింది. ఆ శనివారం చదవాల్సింది ఆ పిల్ల మనసు కరిగిపోయే అధ్యాయం. తేజస్విని వార్డ్‌రోబ్‌లో చీరల మధ్య నిలబడి కాగితం చూసి, "మీరు నన్ను బలవంతంగా..." అని ఆగిపోయింది.

"మళ్ళీ ఒకసారమ్మా" అన్నాడు శ్రీపతి బయటి నుంచి.

"మీరు నన్ను బలవంతంగా తెచ్చుకున్నా, నా మనసు..." మళ్ళీ ఆగింది.

"గొంతు పట్టేసిందేటమ్మా? మిరియాల పాలు తెస్తానుండు" అని లలితకుమారి కదలబోయింది. తేజస్విని చేతికి దొరికిన చీర అంచు పట్టుకుంది. చీర హ్యాంగరుతో సహా కింద పడింది. పిల్ల నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని బాత్రూములోకి పరిగెత్తింది. కక్కుకుంటున్న చప్పుడు పడగ్గదిలోకి వినపడింది.

మొహం కడుక్కుని వచ్చి మంచం అంచున కూర్చుంది. శ్రీపతిని బయటికి పొమ్మని లలితకుమారి కనుసైగ చేస్తే, "అంకుల్ ఉంటే ఉండనియ్యండి. పర్లేదు" అంది. తర్వాత చెప్పింది. భార్గవ్ అని, యూనివర్సిటీలో క్లాస్‌మేట్, చదువుకునే రోజుల్లో వెర్రిబీలో ఇద్దరూ అద్దెకున్నది ఒకే షేర్ హౌస్. అందరూ షిఫ్టులకి పోయిన రోజు.

"వద్దన్న ఆంటీ. మస్తు సార్లు అన్న. వాడు విన్నడు, వినపడక కాదు. మీ సీరియల్‌లోలాగ ఉరుములేం రాలే. ఎండ కొడ్తుండె. పక్కింటాయన గడ్డి కోసే లాన్ మోవర్ తిప్తుండు. నేను అరిచిందంతా అండ్లనే కలిసిపోయింది. చిన్నమ్మకి చెప్పిన. ఏడ్చింది పాపం. భార్గవ్ వాళ్ళతో కొట్లాడింది. వాళ్ళేమో పెళ్ళి చేసుకుంటం అన్నరు, గంతే, చిన్నమ్మ సల్లబడ్డది. వాని అమ్మానాన్న విజిటర్ వీసా మీద వచ్చిండ్రు. రేపు మీ ప్రోగ్రామ్ అయిపోంగనే వాళ్ళింట్ల లంచ్. మాట ఖాయం చేస్కుంటరట. నేను నో అంటే చిన్నమ్మ ఏమంటదో తెల్సా ఆంటీ? సల్మా సంసారం చేస్తలేదా, నీ నోటితోనే చదువుతున్నవ్ గద, అంటది."

లలితకుమారికి రోత పుట్టింది. వేరెవరి మీదో కాదు, తన మీద తనకే. ఇన్ని వారాలుగా ఈ పిల్ల నోట ఆ మాటలన్నీ పలికించింది తాను. "ఇంకొంచెం ప్రేమగా చెప్పమ్మా" అని దిద్దింది కూడా తాను. ఛీ!

"ఆ ఉరుము తీసి పారెయ్యండి" అంది మొగుడితో.

"నువ్వు వెయ్యమంటేనే కదే వేశాను" అన్నాడు శ్రీపతి. అన్నాక ఆ మాట తనకే వెగటనిపించిందేమో, ల్యాప్‌టాప్ మూసేశాడు.

పిల్లకి కాస్త పెరుగన్నం పెట్టి పడుకోబెట్టి, లలితకుమారి పుస్తకం తెచ్చుకుని వంటింట్లో కూర్చుంది. పదహారేళ్ళ కళ్ళతో కాక ఇప్పటి కళ్ళతో చదివింది. చదువుతుంటే ఒళ్ళు చీదరించుకుపోయింది. సల్మా ఏడుస్తున్నప్పుడు కూడా ఆమె జుట్టు ఎంత నల్లగా ఉందో, జాకెట్టు ఎక్కడ చిరిగిందో చెబుతున్నాడు రాసినవాడు. ఆ పిల్ల ప్రాణం పోతుంటే వీడికి వర్ణన! ఆ తర్వాత నూరు పేజీల పాటు కన్నీళ్ళన్నీ ఇద్రిస్‌వే. వాడి పశ్చాత్తాపం, వాడి జ్వరం, వాడి ఒంటరితనం. పాపం వాడు! చెయ్యాల్సింది చేసి, ఆనక జ్వరం తెచ్చుకుంటే సరిపోతుందన్నమాట. ఇంత కుళ్ళుని దిండు కింద పెట్టుకుని పడుకున్నానా నేను అనుకుంటే ఆవిడకి ఏడుపు కూడా రాలేదు, అసహ్యం వేసింది.

మలేసియాలో ఇపో పట్నంలో ఉన్న రోకియాకి ఫోన్ చేసింది. ఇద్దరూ మలయ్‌లోనే మాట్లాడుకుంటారు. పుస్తకం పేరు చెప్పగానే రోకియా, "అయ్యో, ఇంకా అది దాచుకున్నావా? మా కోడలు దాన్ని చూస్తే పొయ్యిలో పెడుతుంది" అంది.

"మనం ఏడ్చాం కదే దాని మీద!"

"ఏడ్చాం. ఎవరి కోసం ఏడ్చామో గుర్తుందా? ఇద్రిస్ కోసం. ఇక్కడ ఇప్పటికీ అలాంటివి వస్తున్నాయి, అమ్ముడుపోతున్నాయి, టీవీలో కూడా వేస్తున్నారు. కానీ మా ఆడపిల్లలు ఊరుకోవడం లేదు. తిడుతున్నారు, వేరేలా రాసి చూపిస్తున్నారు. మొన్న ఒకటి చదివాను. ఆ పని జరిగే గదిలోకి మనల్ని రానివ్వదు రాసినమ్మాయి. కానీ ఏం జరిగిందో పేరు పెట్టి చెబుతుంది, తప్పించుకోదు. ఆ తర్వాత ఆ పిల్లతోనే ఉంటుంది. నమ్మిన చెల్లెలు, నమ్మని తల్లి, ఆసుపత్రి, కోర్టు. ప్రేమ కూడా ఉంది అందులో. కాకపోతే వేరేవాడితో. వాడు చెయ్యి పట్టుకోవచ్చా అని అడగడానికే సగం పుస్తకం పట్టింది. నమ్ము, మన ఇద్రిస్ కన్నా వాడే బాగున్నాడు!" ఇద్దరూ నవ్వారు. ఆ రోజంతటికీ లలితకుమారి నవ్వింది అప్పుడే.

తేజస్విని లేచాక, "మీ చిన్నమ్మతో నాను మాట్లాడొచ్చా?" అని అడిగి, సరేనంటేనే పిల్లని కారెక్కించుకుని సాయంత్రం ఆండాళ్ ఇంటికి వెళ్ళింది.

ఆండాళ్ చెడ్డది కాదు. ఊరుకాని ఊళ్ళో అక్క కూతురి బాధ్యత మీద పడి బెదిరిపోయిన మనిషి. రేపటికి పళ్ళెంలో పళ్ళూ, పసుపూ కుంకుమా సర్దుకుంటోంది. లలితకుమారిని చూసి, "రండి అక్కా, మీ కథ ఒక్క వారం ఇడ్వలే నేను" అని సోఫా చూపించింది.

"ఆ కథ గురించే వచ్చానమ్మా. ఆ కథ చూపించి ఈ పిల్లని ఒప్పిస్తన్నావట కదా."

ఆండాళ్ తేజస్విని వైపు చూసింది. తర్వాత నెమ్మదిగా, "మీకు తెల్వదా అక్కా, ముల్లొచ్చి అరిటాకు మీద పడ్డా, అరిటాకొచ్చి ముల్లు మీద పడ్డా, చిరిగేది అరిటాకే. రేపు ఎవడన్నా వచ్చి ఈ పిల్లని అడుగుతడా? చేసినోడే చేస్కుంటా అంటుండు. తప్పు దిద్దుకుంటుండు" అంది.

"అరిటాకు చిరిగిందని తీసుకెళ్ళి ముల్లుకే ఇచ్చి పెళ్ళి చేస్తారేటమ్మా?"

ఆండాళ్ అరటిపళ్ళు మళ్ళీ సర్దింది. "సల్మాకి మంచే జరిగింది గద! మీరే చదివిండ్రు. ఆ వాన రోజు నుంచే గద వాళ్ళకి ప్రేమ మొదలైంది."

"ప్రేమా! నా మొహం ప్రేమ!" లలితకుమారి గొంతు లేచింది. "ఆ రోజు ఆ పిల్ల వద్దు వద్దని ఏడ్చిందమ్మా. నాను ఆ పేజీ తీసేసి ఉరుము పెట్టాను."

ఆండాళ్ నమ్మలేదు. ఇప్పుడొచ్చి కథ మార్చి చెబుతున్నారు అన్నట్టు చూసింది. "చిన్నమ్మా, నీకు చెప్పిన గద. నేను అరుస్తుంటే పక్కింట్ల లాన్ మోవర్..." అని తేజస్విని అనబోతే, "ఆ చప్పుడు ముచ్చట ఎందుకే ఇప్పుడు! మంచిరోజు ముంగట!" అని కసిరింది. కసిరి, తల తిప్పుకుని కళ్ళొత్తుకుంది. "రేపు ఒక్కసారి వచ్చి కూసో బిడ్డా. నేను మీ అమ్మకి ఏమని చెప్పాలె?"

తేజస్విని లలితకుమారిని సాగనంపడానికి కారు దాకా వచ్చి, "ఆంటీ, రేపు లైవ్ చదువుదామా? ఎత్తేసిన పేజీ" అంది.

"నువ్వు చదవక్కర్లేదమ్మా. నాను చదువుతాను. నీ పేరు, నీ సంగతి ఒక్క ముక్క రాదు."

"సల్మా మాటలు నావి ఆంటీ. నేనే చెప్తా. ఇంకొకటి. అంకుల్‌ని అడగండి, ఉరుము బదులు లాన్ మోవర్ పెడతారా అని. ఒక్క చిన్నమ్మకే అర్థమైతది. వేరే ఎవరికీ అర్థం కానక్కర్లే."

ఆదివారం పొద్దున ఆండాళ్ పట్టుచీర కట్టుకుని, ముందు సీట్లో పళ్ళెం పెట్టుకుని, తేజస్వినిని రేడియో స్టేషన్ దగ్గర దింపి అక్కడే వీధిలో కారాపుకుని కూర్చుంది. కార్యక్రమం అవగానే పిల్లని అటు నుంచి అటే లంచ్‌కి తీసుకుపోవాలని. ఎప్పటిలాగే కారులో రేడియో పెట్టుకుంది.

లలితకుమారి మైకు ముందు కూర్చుని, నమస్కారం చెప్పి, ఈ రోజు చదివేది పిల్లలు వినేది కాదు, మనసుకి కష్టంగా ఉంటే పెద్దలు కూడా ఆపేయవచ్చు అంది. తర్వాత ఇలా అంది.

"మీ అందరికీ నచ్చిన ఆ వాన సన్నివేశం విషయంలో నేను మీకు అబద్ధం చెప్పాను. పుస్తకంలో ఆ గదిలో జరిగింది ప్రేమ కాదు. బలాత్కారం. ఆ మాట అనడానికి సిగ్గుపడి ఉరుము పెట్టాను. సిగ్గుపడాల్సింది ఇద్రిస్ అయితే, నేను పడ్డాను. ఆ పేజీలో సల్మా ఏమన్నదో ఇప్పుడు వినండి. వర్ణనలు నేను తీసేశాను, అవి ఎవరికీ పనికిరావు. ఆమె మాటలు మాత్రం ఒక్కటి కూడా తియ్యలేదు."

గాజు తలుపు అవతల శ్రీపతి ఒక మీట నొక్కాడు. లాన్ మోవర్ చప్పుడు. ఎక్కడో పక్కింటి పెరట్లో, ఎండలో, తన పని తాను చేసుకుపోతున్న చప్పుడు. దాని మీద తేజస్విని గొంతు.

"వద్దు. ఇద్రిస్, వద్దు. తలుపు తియ్యి. నేను ఇంటికి పోతాను. వద్దంటున్నాను, నీకు వినపడుతోంది. వద్దు."

ఏడవలేదు, అరవలేదు. ఒక్కొక్క మాటా విడివిడిగా చెప్పింది. మోవర్ చప్పుడు పెరిగి ఆమె గొంతుని కప్పేసింది. శ్రీపతి దాన్ని ఠక్కున ఆపాడు. రేడియోలో అంత నిశ్శబ్దం ఎప్పుడూ ఉండదు.

"ఈ నవల ఇక్కడితో ఆపేస్తున్నాను" అంది లలితకుమారి. "చివర్లో సల్మా అతన్ని క్షమించి ప్రేమిస్తుంది. రాసినాయన అలా రాశాడు. మార్చే హక్కు నాకు లేదు. చదవకుండా ఉండే హక్కు ఉంది. ఇలాంటి కథలు మన తెలుగులో లేవా అంటే బోలెడు. ఎవరి ఇంట్లోనైనా ఎవరైనా ఇలాంటి కథ చూపించి ఒక ఆడపిల్లని ఒప్పిస్తుంటే, ఆ కథ నా నోటి నుంచే వచ్చి ఉంటే, అది ఉత్త అబద్ధమని ఆ పిల్లకి చెప్పండి."

ఫోన్లు మొదలయ్యాయి. ఒకాయన ఆదివారం పూట ఇదేం దరిద్రం అని తిట్టాడు. ఇంకొకావిడ మిగతా కథ చెప్పకపోతే ఎలాగని పేచీ పెట్టింది. ఇద్రిస్ మంచివాడే కదండీ అంది. లలితకుమారి ఆ ఫోన్ టక్కున పెట్టేసింది. హరిప్రియ ఫోన్ చేసి, "సారీ ఆంటీ" అని పెట్టేసింది.

తేజస్విని బయటికి వచ్చింది. కారు అక్కడే ఉంది. అద్దంలోంచి ఆండాళ్ పట్టుచీర అంచు కనిపిస్తోంది. పిల్ల మెట్ల మీద ఆగిపోయింది, ఏం చెప్పాలో సిద్ధం చేసుకుంటున్నట్టు.

సరిగ్గా అప్పుడే ఎదురింటాయన షెడ్డులోంచి లాన్ మోవర్ తోసుకొచ్చి తాడు లాగాడు. నిజం మోవరు. వీధి నిండా చప్పుడు. తేజస్విని కళ్ళు మూసుకుని గోడ పట్టుకుంది. లలితకుమారి వెనకనుంచి వచ్చి పట్టుకోబోయింది.

ఈలోగా కారు తలుపు తెరుచుకుంది. ఆండాళ్ దిగింది. ఇటు రాలేదు. కుచ్చిళ్ళు చేత్తో ఎత్తిపట్టుకుని, చెప్పులు గడ్డిలో జారుతుంటే, రోడ్డు దాటి సూటిగా ఆ మనిషి దగ్గరికి నడిచింది. రెండు చేతులూ పైకెత్తి ఊపింది. "స్టాప్! ప్లీజ్, స్టాప్ ఇట్!" ఆ తెల్లాయన బిత్తరపోయి మోవర్ ఆపాడు. ఏమైందని అడిగాడు. ఆండాళ్ ఆ గడ్డిలో నిలబడి కొంగుతో మొహం కప్పుకుని ఏడ్చింది.

ఏడ్చి, తిరిగి వచ్చి, కారు ముందు సీట్లోంచి పళ్ళెం తీసి డిక్కీలో పెట్టింది. ముందు తలుపు తెరిచి పట్టుకుంది.

"ఎక్కు బిడ్డా" అంది. "ఆళ్ళింటికి కాదు. యాడికి పోవాల్నో నువ్వే చెప్పు, నేను తీస్కపోత."